మాన్పించే ముందు కొలిచి చూడండి

పర్లాకిమిడి అక్కగారూ, బరంపురంలో ఆరుసార్లు కౌన్సెలింగ్ అయినా తమ్ముడి దిగులు తగ్గలేదు, మాన్పించాలా అని అడిగారు. తొందరపడకండి. దిగులు ఎంత ఉందో కొలిచే పీహెచ్‌క్యూ-9 అనే 9 ప్రశ్నల పత్రం తెలుగులోనూ ఉంది. మొత్తం 27 మార్కులు. రెండు వారాలకోసారి నింపించి కౌన్సెలర్ చేతికివ్వండి. మొదటిసారికన్నా 5 తగ్గితే మేలు మొదలైనట్టే. కదలకపోతే పద్ధతి మార్చమనండి, మందుల సంగతి సైకియాట్రిస్టును అడగండి. మొహమాటం వద్దు. దిగజారుతున్నవారిని చికిత్సకులు సొంత అంచనాతో తరచూ గుర్తించలేరని, కొలతలు చూపిస్తే అలాంటివారికి మేలు జరుగుతుందని అమెరికా మనస్తత్వవేత్త మైకేల్ లాంబర్ట్ పరిశోధనలు చెబుతున్నాయి.

ఇంతకీ అతను అక్కడ ఒడియాలో చెప్పుకుంటున్నాడా? లోపలి బాధ ఇంటి భాషలో వచ్చినట్టు మరో భాషలో రాదు. ప్రభుత్వ మానసిక ఆరోగ్య ఫోను సేవ టెలీ మానస్ 14416లో తెలుగు ఎంచుకోవచ్చు, ఉచితం. తొమ్మిదో ప్రశ్న చావు ఆలోచనల గురించి. అక్కడ సున్నా కాకపోతే మాత్రం ఆ క్షణమే ఫోను చేయండి, అతన్ని ఒంటరిగా వదలకండి.