బ్రిటన్‌లో లార్డుల బంగళాలు ఇంకా ఎలా నిలబడ్డాయి? వాళ్ళ దగ్గర ఇంకా అంత డబ్బుందా?

ప్రశ్నలో "మన జమీందార్ల కోటలు కూలిపోయాయి, వాళ్ళవి మాత్రం చెక్కుచెదరలేదు" అన్నారు. తేడా అక్కడే ఉందండీ, మీకు కనపడేవి మిగిలినవి మాత్రమే. ఇరవయ్యో శతాబ్దంలో ఒక్క ఇంగ్లాండులోనే వెయ్యికి పైగా పెద్ద బంగళాలు పడగొట్టేశారు, 1955 ప్రాంతంలో అయితే వారం తిరక్కుండా ఒకటి పోయేది. నేను ఎనిమిదేళ్ళుగా డెర్బీలో ఉంటున్నా, గంట డ్రైవ్‌లో ఇలాంటి ఇళ్ళు అరడజను ఉన్నాయి, పాత ఇళ్ళని కాపాడే నేషనల్ ట్రస్ట్ అనే సంస్థ వాళ్ళ ఒక ఇంట్లో రెండేళ్ళు ఆదివారాలు వాలంటీరుగా కూడా చేశా. పనేంటంటే ఒక గదిలో బ్యాడ్జి పెట్టుకుని నిలబడటం, పెయింటింగ్ గురించి అడుగుతారేమోనని రాత్రంతా చదువుకుని వెళ్తే పదిమందిలో ఏడుగురు టాయిలెట్ ఎటండీ అని అడిగేవాళ్ళు.

అసలు అంత ఆస్తి ఒకచోట ఎలా పోగైందంటే, పంపకాల్లేవు. మన దగ్గర నలుగురు కొడుకులుంటే నాలుగు భాగాలు, రెండు తరాలకి పొలం గట్లే మిగుల్తాయి. అక్కడ బిరుదు, భూమి, ఇల్లు మొత్తం పెద్దకొడుక్కే. ఆ పెద్దకొడుకు కూడా అనుభవించాలే తప్ప అమ్ముకోకుండా పెళ్ళప్పుడే పత్రాలు రాయించేసేవాళ్ళు. చిన్నకొడుకులేమో మిలిటరీలోకో చర్చిలోకో ఈస్టిండియా కంపెనీలోకో పోవాల్సిందే, మన దేశానికి వచ్చిన దొరల్లో ఇలా వచ్చినవాళ్ళు చాలామందే. ఆడపిల్లలకి కట్నం ఇచ్చి పంపేయడం, అది మాత్రం మనకి కొత్తేం కాదు.

మొన్న సమ్మర్‌లో అమ్మానాన్న వస్తే కెడిల్‌స్టన్ హాల్‌కి తీసుకెళ్ళా. కర్జన్ వైస్రాయి ఉన్నాడే, వాళ్ళ ఇల్లు. 1760ల్లో రాబర్ట్ ఆడమ్ డిజైన్ చేశాడు. లోపలికి వెళ్ళగానే పాలరాతి హాలు, 20 పెద్ద స్తంభాలు. అమ్మ అటూ ఇటూ చూసి "ఇదేంట్రా గుడి మండపంలా ఉంది, వీళ్ళు పడుకునేదెక్కడ?" అంది. నిజంగా అదే పాయింట్, ఆ మధ్య భాగమంతా వచ్చినవాళ్ళకి చూపించుకోడానికే, కుటుంబం ఉండేది పక్కకి రెక్కలా కట్టిన భాగంలో, వంటిల్లు ఇంకో రెక్కలో. వంట అక్కడ్నుంచి వంపు తిరిగిన కారిడార్‌లో మోసుకొచ్చేవాళ్ళు. "అయితే వీళ్ళు ఎప్పుడూ చల్లారిన కూడే తిన్నారన్నమాట" అని తేల్చేసింది మా అమ్మ, నాకూ కాదనడానికి ఏం దొరకలేదు. ఈ ఇంటి ప్లాను చూసే కలకత్తాలో గవర్నమెంట్ హౌస్ కట్టారు, స్వాతంత్ర్యం తర్వాత రాజ్‌భవన్ అయింది. తమాషా ఏంటంటే అనుకున్న నాలుగు రెక్కల్లో ఇక్కడ రెండే కట్టారు, కలకత్తాలో నాలుగూ వచ్చాయి!! ఇంకోటి, ఇల్లు కట్టేటప్పుడు ఎదురుగా ఊరు అడ్డంగా ఉందని ఊరినే తీసి వేరేచోట పెట్టారు, చర్చి ఒక్కటి వదిలేశారు. ఈ చుట్టుపక్కలే ఉన్న ఇంకో పెద్ద బంగళా చాట్స్‌వర్త్‌లో డ్యూక్ కూడా 1830ల్లో ఇంట్లోంచి కనపడుతోందని ఈడెన్సర్ అనే ఊరికి ఇదే పని చేశాడు.

ఇంత వైభవం ఎందుకు పడిపోయిందంటే, 1870ల్లో అమెరికా గోధుమలు చౌకగా ఓడల్లో దిగడం మొదలైంది, ఇక్కడ ధాన్యం ధర పడిపోయింది, దాంతో కౌళ్ళు రాలేదు. 1882లో భూములు అమ్ముకోడానికి చట్టం సడలించాల్సి వచ్చింది. కొందరు అమెరికా కోటీశ్వరుల కూతుళ్ళని చేసుకున్నారు. కర్జన్ భార్య మేరీ షికాగో వ్యాపారి కూతురు, అదే 1895లో బ్లెన్‌హైమ్ ప్యాలెస్ డ్యూక్‌కి వాండర్‌బిల్ట్ పిల్లతో పాటు 25 లక్షల డాలర్ల రైల్వే షేర్లు వచ్చాయి. కట్నం అని మనల్నే అంటారు గానీ... సరే వదిలేయండి. మేరీ 1903 ఢిల్లీ దర్బారులో వేసుకున్న నెమలి గౌను కెడిల్‌స్టన్‌లోనే ఉంది, మనవాళ్ళ జరీ పని, మా అమ్మ ఆ అద్దం దగ్గర్నుంచి కదల్లేదు.

అసలు దెబ్బ డెత్ డ్యూటీ, అంటే మనిషి పోతే ఆస్తి మీద కట్టే పన్ను. 1894లో కొంచెంగానే మొదలై రెండో యుద్ధం తర్వాత పెద్ద ఆస్తులకి 80 శాతం అయింది. చాట్స్‌వర్త్ కథ వింటే పాపం అనిపిస్తుంది, పదో డ్యూక్ పన్ను తప్పించుకుందామని ఆస్తి ముందే కొడుకు పేరు మీద మార్చాడు, ఆ తర్వాత ఐదేళ్ళు బతికుంటే పన్ను లేదు, 1950 నవంబర్లో కట్టెలు కొడుతూ గుండె ఆగి పోయాడు, ఇంకో 14 వారాలు ఉంటే సరిపోయేది. పన్ను లెక్కలు తేలడానికి 17 ఏళ్ళు పట్టింది, భూములు, పెయింటింగ్‌లు, చివరికి 1590ల్లో వాళ్ళ పూర్వీకురాలు బెస్ కట్టించిన హార్డ్‌విక్ హాల్ కూడా ప్రభుత్వానికి ఇచ్చేశారు. కానీ చాట్స్‌వర్త్ నిలబెట్టుకున్నారు, టికెట్ పెట్టి.

టికెట్ లేదా ట్రస్ట్, దారి ఇదే. 1937లో నేషనల్ ట్రస్ట్ స్కీము వచ్చింది, ఇల్లు, దాని ఖర్చుకి సరిపడా భూమో డబ్బో ఇచ్చేస్తే పన్ను లేదు, కుటుంబం అందులోనే ఒక మూల ఉండొచ్చు, జనాన్ని మాత్రం లోపలికి రానివ్వాలి. పనివాళ్ళూ దొరకలేదు లెండి, 1911లో 13 లక్షల మందికి పైగా ఇళ్ళల్లో పనిమనుషులు, యుద్ధాల తర్వాత ఆ అమ్మాయిలు ఫ్యాక్టరీకో ఆఫీసుకో పోయారు, తెల్లారుజామున లేచి ముప్పై పొయ్యిలు రాజేయడానికి ఎవరొస్తారు.

ఇంకా డబ్బుందా అంటే, సిటీలో భూమి ఉన్నవాళ్ళకి ఉంది, లండన్ మేఫెయిర్, బెల్‌గ్రేవియాల్లో చాలా భాగం వెస్ట్‌మినిస్టర్ డ్యూక్ కుటుంబానిదే. పొలాలు మాత్రమే ఉన్నవాళ్ళే ఎక్కువ మునిగారు.

మన కోటల సంగతికొస్తే, దారి వేరు. 1802లో మన సర్కారు జిల్లాలకి ఎప్పటికీ మారని శిస్తు పెట్టి జమీందారీలు ఖాయం చేసినప్పుడు మద్రాసు గవర్నరు ఎడ్వర్డ్ క్లైవ్, రాబర్ట్ క్లైవ్ కొడుకు. ఆయన అత్తవారి కోట వేల్స్‌లో పోవిస్, టిప్పు సుల్తాను గుడారం ఇప్పటికీ అక్కడే ఉంది. మన పెద్ద జమీందారీలు కొన్ని పంచుకోకూడదని 1904లో చట్టం కూడా చేశారు, అచ్చం వాళ్ళ పద్ధతే. కానీ 1948 చట్టంతో మనవాళ్ళ దగ్గర ఎస్టేటే తీసేసుకున్నారు, నెక్స్ట్ ఇయర్ తెలంగాణలో జాగీర్లు కూడా పోయాయి. అక్కడేమో భూమి జోలికి పోకుండా పన్నే వేశారు, ఇల్లు తీసుకోడానికి ట్రస్టూ ఉంది. మన దగ్గర గడీ ఎవరికి ఇవ్వాలి, ఇస్తే ఎవరు చూస్తారు?

ఎప్పుడైనా ఇటు వస్తే చాట్స్‌వర్త్ కంటే ముందు కాల్క్ ఆబీ చూడండి. 1962 దాకా కరెంటు లేదు ఆ ఇంట్లో, కుటుంబం ఏదీ పారేయలేదు, గదుల నిండా గడ్డి కూరిన పక్షులు, 1985లో ట్రస్ట్ చేతికొస్తే రిపేర్ చేసి మెరిపించకుండా పెచ్చులూడిన గోడలు అలాగే ఉంచేశారు. పద్దెనిమిదో శతాబ్దపు చైనా పట్టు మంచం ఒకటి పెట్టెల్లోంచి తీయకుండానే దొరికింది, రంగు నిన్న అద్దినట్టుంటుంది. ఒక్కటి మాత్రం, ఇలాంటి ఇళ్ళల్లో కుర్చీ మీద ఎండిన పైన్ కాయ కనిపిస్తే చెత్త అనుకుని తీసి కూర్చోకండి, కూర్చోవద్దని గుర్తది. మా అమ్మ తీసి కూర్చుంది.