చిక్కుముడుల ఆటలో దిగబోతున్న మేనల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి ఆశీస్సులు.

సికాడా 3301 లాంటి ఆటలో, అదే ఎవరో పేరు చెప్పకుండా ఇంటర్నెట్‌లో వదిలిన చిక్కుముడుల వరుస లాంటి దాంట్లో, దిగుతానంటున్నావట. వద్దనను. అయితే ఈ ఆటల్లో భయం పుట్టేది దయ్యం బొమ్మల వల్ల కాదురా, ఆట ఎక్కడ ఆగుతుందో ఎవరూ చెప్పకపోవడం వల్ల. ఆ గీత నువ్వే ముందుగా గీసుకోవాలి.

2012 జనవరిలో వచ్చిన సికాడా మొదటి బొమ్మనే తీసుకో. దాన్ని టెక్స్ట్ ఎడిటర్‌లో తెరిస్తే చివర్లో క్లాడియస్ సీజర్ పేరు, ఆ పక్కన అర్థంకాని అక్షరాలు. క్లాడియస్ రోముకు నాలుగో చక్రవర్తి. ఒక్కో అక్షరాన్ని నాలుగు స్థానాలు వెనక్కి జరిపితే లింకు తేలింది. అది నొక్కితే బాతు బొమ్మ, ఇటువైపు అన్నీ ఎరలేనన్న వెక్కిరింపు. ఆ వెక్కిరింపులోనే ఉన్న 'గెస్', 'అవుట్' అన్న మాటలు బొమ్మలో దాచిన సందేశాన్ని బయటికి తీసే అవుట్‌గెస్ అనే సాఫ్ట్‌వేర్‌కు సూచన. ఇలాంటిది ఒకటి తగిలిందంటే మెదడు ఇక ఊరుకోదు, బస్సు నంబర్లోనూ రాంగ్ కాల్‌లోనూ సంకేతాలు వెతుకుతుంది. 2001లో 'ది బీస్ట్' అనే ఇంటర్నెట్ చిక్కుముడుల ఆట ఆడిన బృందంలో కొందరు సెప్టెంబర్ 11 దాడుల్ని కూడా పజిల్‌లా విప్పుదామన్నారు. బృందాన్ని నడిపేవాళ్లే వారించాల్సి వచ్చింది.

అందుకే నోటుబుక్కులో మూడు గళ్లు గీయి: కనిపించింది, నా ఊహ, రుజువు. రుజువు గడి ఖాళీగా ఉంటే ఆ ఊహ మీద ఇంకో ఊహ పేర్చకు. నీ పద్ధతి చెబితే ఇంకొకరికీ అదే జవాబు రావాలి, అదీ రుజువంటే. సికాడా పేరుతో నకిలీలు బోలెడు. సందేశం అసలువాళ్లదేనని తేల్చే డిజిటల్ సంతకం, అదే పీజీపీ సంతకం, వాళ్ల పాత తాళంతో (కీతో) సరిపోలకపోతే అక్కడే వదిలెయ్.

ఆటకు వేరే మెయిల్ పెట్టుకో, ఫోన్ నంబరు ఇవ్వకు. దించుకున్న ఫైళ్లను వర్చువల్ మెషీన్‌లోనే (కంప్యూటర్ లోపల విడిగా నడిచే ఉత్తుత్తి కంప్యూటర్‌లోనే), నెట్టు, షేర్డ్ ఫోల్డర్ ఆపేసి తెరువు. ఏదైనా చోటికి రమ్మంటే ఒంటరిగా వెళ్లకు.

రాత్రి పదింటికల్లా మూసెయ్, చిక్కు సగంలో ఉన్నా సరే. నిద్ర తగ్గినకొద్దీ కాకతాళీయాలన్నీ సంకేతాల్లాగే కనిపిస్తాయి. ఆట ఆడని స్నేహితుడికి వారానికోసారి నీ నోట్సు చూపించు. అతను మొహం చిట్లిస్తే కోప్పడకు, కొన్నాళ్లు ఆపు.

ఫొటోలు, డబ్బు అడిగినా, ఒంటి మీద గాయం చేసుకోమన్నా, ఇంట్లో చెప్పొద్దన్నా అది ఆట కాదు. చాట్ చెరపకుండా స్క్రీన్‌షాట్లు తీసి, బ్లాక్ చేసి, సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చెయ్. మనసు కుదురుగా లేకపోతే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416కి చెయ్, తెలుగులోనే మాట్లాడతారు. ముందు అమ్మకో, నాకో చెప్పు, ఏ వేళైనా పర్లేదు.

ఇట్లు,
మామయ్య