పదకొండు ఊళ్లు, ఆరు రోజులు: బాల్కన్ కొండల దారి గురించి మాస్టారి జవాబులు

ప్రశ్న: మాస్టారూ, నమస్కారం. మా అమ్మాయి జర్మనీలో ఉద్యోగం చేస్తోంది. సెప్టెంబరులో మూడు వారాలు తన దగ్గరికి వెళ్తున్నాం. అందులో ఆరు రోజులు గైడుతో సహా బల్గేరియా కొండలూ పాత ఊళ్లూ చూపిస్తానంటోంది. యాత్రవాళ్లు పంపిన ప్లాను ఇదీ: సోఫియా, రీలా మఠం, ప్లోవ్‌దివ్, కోప్రివ్‌ష్తిత్సా, కజన్లక్, షిప్కా, గాబ్రోవో, త్రియావ్నా, వెలికో తర్నోవో, నెసెబర్, చివర్న బుకారెస్ట్. మావారికి 64 ఏళ్లు, మోకాళ్లు అంతంతమాత్రం. నాకేమో పాత ఇళ్లు, చెక్కపని అంటే ప్రాణం. ఈ ప్లాను బాగుందంటారా?
- ఒక పాఠకురాలు, కాకినాడ

జవాబు: బాగాలేదమ్మా. ఊళ్లు లెక్కపెట్టాను, పదకొండు వచ్చాయి. దీన్ని యాత్ర అనరు, హాజరు పట్టీ అంటారు. ముప్పై ఏళ్లు హాజరు వేసినవాణ్ని, ఆ తేడా నాకు తెలుసు.

ముందు తీసెయ్యాల్సినవి చెబుతాను. బుకారెస్ట్ డాన్యూబ్ దాటాక వచ్చే వేరే దేశపు రాజధాని, దాని ఊసు ఈ ఆరు రోజుల్లో వద్దు. నెసెబర్ నల్లసముద్రం ఒడ్డున ఉంది. మంచి ఊరే, కానీ మీరడిగింది కొండలు. రీలా మఠం కొట్టేస్తుంటే మాత్రం నాకూ చెయ్యాడలేదు. 1983లోనే యునెస్కో జాబితాకెక్కింది, దాని బొమ్మల గోడలు చూస్తే కాలు కదలదు. అయినా అది సోఫియాకు దక్షిణాన వేరే పర్వతంలో ఉంది. వెళ్లిరావడానికే ఒక రోజు పోతుంది. అమ్మాయికి ఇంకో రోజు సెలవు దొరికితే విడిగా పెట్టుకోండి.

ఇంతకీ బాల్కన్ అంటే మొత్తం ద్వీపకల్పం పేరు అనుకుంటాం గానీ, ఆ పేరొచ్చింది ఈ ఒక్క కొండల వరస నుంచే. చెట్లున్న కొండను తురుష్కులు బాల్కన్ అన్నారు. బల్గేరియావాళ్లు స్టారా ప్లానినా అంటారు, అంటే పాత కొండ. సెర్బియా సరిహద్దు దగ్గర మొదలై, దేశాన్ని అడ్డంగా కోసుకుంటూ నల్లసముద్రంలోకి పొడుచుకెళ్లిన ఎమినే అగ్రం దాకా 500 కిలోమీటర్లకు పైగా పోతుంది. అన్నిటికన్నా ఎత్తైన బోతెవ్ శిఖరం 2,376 మీటర్లే. మంచుకిరీటాలేమీ కనబడవు, పచ్చగా, గుండ్రంగా, ఏనుగుల మంద పడుకున్నట్టుంటుంది. ఉత్తరపు చలిగాలిని ఆపి దక్షిణపు లోయను వెచ్చగా ఉంచేది ఈ గోడే. అందుకే దీన్ని ఒక్కసారైనా ఒక వైపు నుంచి ఇంకో వైపుకు దాటాలి. మీ ప్లానుకు వెన్నెముక అదే కావాలి.

నన్నడిగితే ఇలా చెయ్యండి. దిగిన రాత్రి సోఫియాలో పడుకోండి. మర్నాడు దాదాపు 220 కిలోమీటర్ల ప్రయాణం చేసి వెలికో తర్నోవో చేరండి. అక్కడ రెండు రాత్రులు, కుదిరితే మూడు. తర్వాత షిప్కా కనుమ మీదుగా కొండ దాటి, కజన్లక్ చూసుకుని, ప్లోవ్‌దివ్‌లో ఒక రాత్రి. ఆఖరి రోజు కోప్రివ్‌ష్తిత్సాలో ఆగి సోఫియా చేరుకోండి. ఊళ్లను కాదు, రాత్రుళ్లను లెక్కపెట్టుకోవాలి. పెట్టె ఎన్నిసార్లు సర్దుతున్నారో చూస్తే ప్లాను మంచిదో చెడ్డదో తేలిపోతుంది.

ఈ బుద్ధి నాకు త్రియావ్నాలో వచ్చింది. మమ్మల్ని తిప్పినవాళ్లు (పేరెందుకులెండి) ఒకే రోజు నాలుగు ఊళ్లు కుక్కారు. త్రియావ్నా చేరేసరికి సాయంత్రమైంది. అక్కడ దస్కాలోవ్ ఇల్లని ఒకటుంది. 1808లో ఒక గురువూ ఒక శిష్యుడూ పందెం కట్టుకుని, ఆరు నెలలు చెరో గదిలో కూర్చుని, గది పైకప్పు లోపలివైపు చెరో సూర్యుణ్ని చెక్కారట. దారంతా గైడు అదే కథ ఊరించింది. పరుగున వెళ్తే తలుపు దగ్గర ఒక పెద్దావిడ తాళం చేత్తో పట్టుకుని ఉంది. లోపలికి రావచ్చా అని సైగ చేశాను. ఆవిడ తల పైకెత్తింది. రమ్మంటోందని గుమ్మం మీద కాలు పెట్టాను. ఆవిడ మళ్లీ గట్టిగా తల పైకెత్తి, నాలుకతో చప్పుడు చేసి, నా ముఖం మీదే తలుపు వేసేసింది! అక్కడ తల పైకెత్తితే కాదని, అడ్డంగా ఆడిస్తే అవునని అప్పుడు చెప్పింది గైడు. మనం సరే అనడానికి తల అటూ ఇటూ ఊపుతాం చూడండి, అది అక్కడ చక్కగా చెల్లుతుంది. ఆ ఒక్క విషయంలో మీకు తరఫీదు అక్కర్లేదు.

ఆ రాత్రి మా ఆవిడ గైడుతో, 'రేపు సముద్రం మాకొద్దు, ఆ సూర్యుళ్లు చూపించు' అంది. బండిలో మేం ఆరుగురం. మిగతా నలుగురూ కూడా ఊ అన్నారు. అలా మర్నాడు నెసెబర్ మానేసి, తర్నోవో నుంచి వెనక్కి త్రియావ్నా వెళ్లాం. రెండు గదుల్లోనూ మెడ నొప్పి పుట్టేదాకా పైకి చూశాం. చెక్కలోంచి కిరణాలు ఒకదాని మీదొకటి అల్లుకుంటూ వస్తాయి. నా ఓటు శిష్యుడికి, మా ఆవిడ ఓటు గురువుకి. చెక్కపని మీకిష్టమన్నారు కాబట్టి ఈ ఊరికి పొద్దున్న పూట కేటాయించండి.

త్రియావ్నా నుంచి గాబ్రోవో దగ్గరే. బల్గేరియా జోకుల్లో పిసినారులంతా ఈ ఊరివాళ్లే. పిల్లి లోపలికొచ్చేటప్పుడు తలుపు ఎక్కువసేపు తెరిచి ఉంటే గది వేడి పోతుందని పిల్లుల తోకలు కత్తిరించారట. పళ్లచక్రాలు అరిగిపోతాయని రాత్రుళ్లు గడియారం ఆపేస్తారట. తమ మీద జోకులు తామే పోగేసి, 1972లో హాస్యానికి ఒక మ్యూజియం కూడా పెట్టుకున్నారు. నన్ను నిలబెట్టేసింది మాత్రం అది కాదు, అక్కడి బడి. మతపాఠాలకే పరిమితం కాని తొలి బల్గేరియన్ బడి 1835లో ఈ ఊళ్లోనే తెరిచారు. ఇప్పుడు ఆ ఆవరణలో విద్యా మ్యూజియం ఉంది. పెద్ద పిల్లలు చిన్నపిల్లలకు పాఠం చెప్పడం, ఇసుకలో వేలితో అక్షరాలు దిద్దించడం అక్కడి పద్ధతి. ఆ పద్ధతికి బెల్, లాంకస్టర్ అనే ఇద్దరి పేర్లున్నాయి. ఆ బెల్ దొర ఇసుకలో అక్షరాలు దిద్దించడం చూసి నేర్చుకున్నది మన మద్రాసులో, 18వ శతాబ్దం చివర్లో! మన వీధిబడి ఇసుక ఇంగ్లండు మీదుగా తిరిగి తిరిగి బాల్కన్ కొండల దాకా వెళ్లిందన్నమాట. గైడుకి ఈ సంగతి నేను చెప్పాను. ఆవిడ తల అడ్డంగా ఆడించి పుస్తకంలో రాసుకుంది.

గాబ్రోవో అంచునే ఎటర్ ఉంది, 1964లో తెరిచిన ఆరుబయటి మ్యూజియం. ఏటి నీటితో తిరిగే పాతకాలపు పనిముట్లన్నీ అక్కడ నిజంగా తిరుగుతుంటాయి. రంపం, తిరగలి, అన్నిటికన్నా ముచ్చటైనది నీళ్ల సుడి. చెక్కలతో కట్టిన పెద్ద గుంటలోకి నీరు జోరుగా దూకి గిర్రున తిరుగుతుంది. అందులో కంబళ్లు, తివాచీలు పడేస్తే చాకిరేవు పని అదే చేసేస్తుంది. ఈ కొండ ఊళ్లు బాగుపడింది ఇలా ఉన్ని మీదే. నేత, దారపు పట్టీలు, ఉన్నిబట్టలు తురుష్కుల ఆటోమన్ సామ్రాజ్యమంతా అమ్మి, ఆ డబ్బుతో మీరు చూడబోయే ఇళ్లు కట్టుకున్నారు.

తర్నోవో సంగతి. 1185 నుంచి 1393 దాకా బల్గేరియా రాజధాని. యాంత్రా నది మెలికలు తిరుగుతూ కొండల చుట్టూ చుట్టుకుంటుంది, ఇళ్లు ఒకదాని భుజం మీద ఒకటి ఎక్కి కూర్చుంటాయి. త్సారెవెత్స్ కోట ఎక్కడం మీవారికి కొంచెం కష్టమే. దారి రాళ్లు నునుపు, వాన పడితే మరీను. పొద్దున్నే, రబ్బరు అడుగు బూట్లతో, ఆగి ఆగి ఎక్కించండి. పైనున్న గుడి బయటికి పాతదిలా ఉంటుంది, లోపల 1980ల నాటి కొత్త తరహా బొమ్మలు, నల్లగా, బిగుసుకున్న ముఖాలతో. నాకు నచ్చలేదు, కానీ మర్చిపోలేకపోతున్నాను. కొన్ని రాత్రుళ్లు కోట మీద రంగు దీపాల ప్రదర్శన వేస్తారు. రోజూ ఉండదు, ఎప్పుడుందో గైడుని ముందే కనుక్కోమనండి.

ఇక షిప్కా. 1877 ఆగస్టులో రష్యా సైనికులూ బల్గేరియా స్వచ్ఛంద దళాలూ ఈ కనుమను ఆటోమన్ సైన్యానికి చిక్కకుండా కాపాడారు. తూటాలు అయిపోతే రాళ్లు, చివరికి చచ్చిపోయిన తోటివాళ్ల శవాలు కిందికి దొర్లించి ఆపారు. పైన జనం చందాలతో కట్టి 1934లో తెరిచిన స్మారకం ఉంది. రోడ్డు మీంచి మెట్లెక్కితే వందల్లో ఉంటాయి, మీరు ఎక్కకండి. వెనకవైపు స్మారకం దాకా బండి దారి ఉంది, డ్రైవరుకు ముందే చెప్పండి. పై నుంచి తూర్పుకి చూస్తే ఎగిరే పళ్లెంలాంటిది కనిపిస్తుంది. అది బుజ్లూజా, 1981లో కమ్యూనిస్టు పార్టీ కట్టుకున్న సభాభవనం. ఇప్పుడు పాడుబడి తాళం వేసుంది, దూరం నుంచి చూస్తే చాలు. కొండ దిగాక దక్షిణపు పాదంలో బంగారు గోపురాల గుడి వస్తుంది, దాని గంటలు ఆ యుద్ధంలో కాల్చిన తూటాల తొడుగులు కరిగించి పోసినవి.

కజన్లక్‌లో త్రాకియన్లనే ప్రాచీన జాతివాళ్ల సమాధి 1944లో సైనికులు తవ్వుతుంటే బయటపడింది. మామూలు సందర్శకులకు చూపించేది పక్కన కట్టిన నకలే, ముందే తెలిస్తే నిరాశ ఉండదు. గులాబీలు మే, జూన్ నెలల్లోనే కోస్తారు, సెప్టెంబరులో మీకు దొరికేది గులాబీ జామే. ప్లోవ్‌దివ్‌లో రోమన్ల రంగశాల చూడండి, మిగతాది మోకాళ్ల ఓపికను బట్టి. కోప్రివ్‌ష్తిత్సాలో ఆటోమన్ పాలన మీద 1876 తిరుగుబాటు తొలి తుపాకీ పేలింది. అక్కడ ఓస్లెకోవ్ ఇల్లొక్కటి నిదానంగా చూడండి, ఉన్ని వర్తకుడిది.

ప్రశ్న: మాస్టారూ, నాకు 27 ఏళ్లు, బాగా నడుస్తాను. కోమ్ శిఖరం నుంచి ఎమినే దాకా బాల్కన్ శిఖరాల మీదుగా కాలిబాట ఉందని విన్నాను. వారం సెలవులో పూర్తవుతుందా?
- ఒక పాఠకుడు, హనుమకొండ

జవాబు: అవదు బాబూ. 600 కిలోమీటర్ల పైమాట, గట్టివాళ్లకే మూడు వారాల దగ్గర పడుతుంది. వారంలో చేసేది చెబుతాను. కలోఫెర్ ఊరి నుంచి గైడుతో రాయ్ అనే కొండ సత్రం దాకా నడువు. రాయ్ అంటే స్వర్గం. ఆ సత్రం వెనకే 124 మీటర్ల పైనుంచి పడే జలపాతం ఉంది, దేశంలో అన్నిటికన్నా ఎత్తైనది. రాత్రి అక్కడ పడుకుని, పొద్దున్నే బోతెవ్ శిఖరం ఎక్కు. మధ్యాహ్నం మబ్బు పట్టిందంటే పైన నిలువ నీడ ఉండదు, పిడుగులు కూడా పడతాయి. గైడు వెనక్కి రమ్మంటే వచ్చెయ్. కలోఫెర్‌లో పుట్టిన కవి హ్రిస్తో బోతెవ్ పేరే శిఖరానికి పెట్టారు.

ప్రశ్న: వీసా ఏ దేశానిది తీసుకోవాలి? డబ్బు యూరోలా, లేవాలా?
- పై కాకినాడ పాఠకురాలే, ఉత్తరం చివర

జవాబు: బల్గేరియా 2025 జనవరి 1 నుంచి పూర్తిగా షెంగెన్‌లో, అంటే ఒకే వీసాతో తిరగగల ఐరోపా దేశాల కూటమిలో ఉంది. మీరు ఎక్కువ రోజులుండేది జర్మనీలో కాబట్టి అర్జీ జర్మనీకే పెట్టాలి, ఆ షెంగెన్ వీసాతోనే బల్గేరియా వెళ్లొచ్చు. ప్రయాణానికి ఆరు నెలల ముందు నుంచి పెట్టుకోవచ్చు, 15 రోజుల ముందు దాకా గడువు. అంతదాకా ఆగొద్దు. కనీసం 30,000 యూరోల వైద్య బీమా తప్పనిసరి, అందులో బల్గేరియా రోజులు కూడా పడ్డాయో లేదో చూసుకోండి. 2026 జనవరి 1 నుంచి అక్కడ యూరోనే. మా రోజుల్లో లేవాలు మార్చుకునే తంటా ఉండేది, మీకు లేదు.

ప్రశ్న: మేం శాకాహారులం. గైడుతో వెళ్తే తిండికి ఇబ్బందా?
- ఒక పాఠకురాలు, నెల్లూరు

జవాబు: బండిలో మేమిద్దరమే శాకాహారులం, ఒక్కపూట కూడా పస్తు లేదు. 'బెజ్ మెసో' అనండి, మాంసం లేకుండా అని. చిక్కుడుగింజల చారు, జున్నుతో కాల్చిన మిరపకాయలు, పొరల రొట్టె బానిత్సా ఎక్కడైనా ఉంటాయి. చారులో ఒక్కోసారి మాంసం ముక్కలు వేస్తారు, అడిగి తినండి. లూతెనిత్సా అని మిరపపండ్ల, టమాటా పచ్చడి ఉంది. పేరుకి కారం, నోటికి తీపి. నేను మోసపోయాను.

పెరుగు గురించి మాత్రం ధైర్యంగా వెళ్లండి. పాలను తోడుపెట్టే సూక్ష్మజీవిని 1905లో కనిపెట్టినవాడు స్తామెన్ గ్రిగోరోవ్ అనే బల్గేరియా కుర్రాడే, దానికి వాళ్ల దేశం పేరే ఉంది. దోసకాయ, వెల్లుల్లి, సోయికూర, అక్రోటు వేసి పెరుగుతో చల్లటి చారు చేస్తారు, తరతోర్ అంటారు. తర్నోవోలో బస యజమానురాలు రెండో రోజు పొద్దున మా బల్ల మీద పెరుగు గిన్నె కాదు, పెరుగు కుండే తెచ్చి పెట్టింది. ఇంకా కావాలా అని అడిగితే మా ఆవిడ తల అడ్డంగా ఊపింది. చాలనే ఆవిడ ఉద్దేశం. రెండో కుండ వచ్చింది.