మామయ్య పొడుం డబ్బా

ప్రశ్న: నాకు 22 ఏళ్లు. మాది కావలి. డిగ్రీ మధ్యలో ఆపేసి, ఏడాదిన్నరగా నెల్లూరులో మేనమామ గారి గడియారాల దుకాణంలో పని నేర్చుకుంటున్నాను. వాళ్లింట్లోనే తిండి, పడక. జీతం లేదు. సెల్లు మార్చడం, బెల్టు వేయడం తప్ప లోపలి పని ముట్టనివ్వరు. రాత్రిళ్లు ఒక నవల రాస్తున్నాను. కాలాన్ని సాగదీసి, కత్తిరించి, అతికించే పనివాళ్ల శ్రేణి, అంటే సంఘం, కథ అది. అందులో ముసలి గురువు శిష్యుల ఆయుష్షులోంచి రోజుకో గంట కోసి తన ఆయుష్షుకు అతికించుకుంటూ ఉంటాడు. మామయ్య ఆ నోటుపుస్తకం చదివేశారు. ‘ఆ దొంగ ముసలాడు నేనేనా?’ అన్నారు. పది రోజులుగా మాటల్లేవు. అమ్మ ఫోనులో ఏడుస్తోంది. నవల చింపేయనా, పని మానేయనా? మామయ్యకు పెళ్లీడు కూతురు ఉంది, ఆ సంగతి వేరు.

జవాబు: ఆ సంగతి వేరు కాదు. అక్కడికి తర్వాత వస్తాను.

ముందు నవల. మీరు పంపిన నాలుగు పేజీలూ చదివాను. గురువు కుంటికాలు, పొడుం డబ్బా మూత మీద రెండుసార్లు వేలితో కొట్టడం, ‘చెయ్యి వణికితే ఇంటికి పో’ అనే మాట. ఇవి ఊహలోంచి రాలేదని నాకే తెలిసిపోతుంటే, ఆ డబ్బా పట్టుకు తిరిగే మనిషికి తెలియదా? అదంతా కల్పన అని ఆయనతో అనకండి. ఆయన నమ్మరు, మీకూ నమ్మకం లేదు. నోటితో అడగలేని జీతాన్ని కథలో గురువుకు దొంగతనం అంటగట్టి అడిగారు మీరు.

అయినా మీ కష్టంలో నిజం లేకపోలేదు. లండన్‌లో గడియారాల పనివాళ్ల సంఘానికి 1631లో రాజశాసనం వచ్చింది. ఆ రోజుల్లో అక్కడ శిష్యరికం మామూలుగా ఏడేళ్లు. ఎంత ఊడిగం చేయించుకున్నా, ఎప్పటికి ముగుస్తుందో ముందే కాగితం మీద ఉండేది. పని నేర్పాలన్నదీ అందులో షరతే. మన దేశంలో 1961 నాటి అప్రెంటిస్ చట్టం కూడా శిక్షణకు ఒప్పందం రాసుకోవాలని, నెలనెలా స్టైపెండు ఇవ్వాలని అంటుంది. చట్టం పట్టుకుని మామయ్య మీదికి వెళ్లమనడం లేదు, వెళితే మీ అమ్మగారు నన్ను క్షమించరు. బంధుత్వంలో కాగితం ఉండదు కాబట్టి గడువూ ఉండదు. మీకు గుచ్చుకుంటున్నది అదే.

ఇక ఆయన వైపు. హెచ్.ఎం.టి. వాచీలు బెంగళూరులో మొదలైంది 1961లో. ఆ వాచీల కంపెనీని మూసేయడానికి కేంద్రం ఒప్పుకున్నది 2016లో. మామయ్య చేతికి వచ్చిన విద్య ఆ కీ ఇచ్చే వాచీలది. సెల్లు వాచీలో క్వార్ట్జ్ పలుకు సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది, దానికి ఆయన పనితనంతో అవసరం లేదు. విద్య దాచుకుంటున్నారని మీరు అనుకుంటున్నారు. నేర్పినా అది మీకు కూడు పెట్టదని ఆయన వెనకాడుతున్నారని నా అనుమానం.

ఆదివారం దుకాణంలో మూలన పడి ఉన్న పాత హెచ్.ఎం.టి. జనతా వాచీ ఒకటి వెతికి ఆయన ముందు పెట్టండి. లోపల అటూ ఇటూ ఊగే బ్యాలెన్స్ చక్రానికి పైనున్న పట్టీ మీద చిన్న మీట ఉంటుంది, కొన్నిటికి ఎస్ (స్లో), ఎఫ్ (ఫాస్ట్) అని కూడా చెక్కి ఉంటుంది. దాన్ని వెంట్రుకవాసి జరిపితే ఆ చక్రాన్ని ఊపే సన్నటి చుట్ట, హెయిర్ స్ప్రింగ్, పనిచేసే పొడవు మారి వాచీ నెమ్మదిస్తుంది, లేదా పరుగెత్తుతుంది. అది జరపడం నేర్పమనండి. మీ నాలుగు పేజీల మంత్రాల కంటే ఆ మీటే నాకు నచ్చింది. క్షమాపణ కూడా అప్పుడే చెప్పండి. నవల రాసినందుకు కాదు, ఆయన కుంటికాలిని వాడుకున్నందుకు. ఆ తర్వాత జీతం ఎంత, లోపలి పని ఏ నెల నుంచి చేతికిస్తారు అని అడగండి. చివర్లో ‘మీ ఇష్టం మామయ్యా’ అని మాత్రం అనకండి.

మరదలి సంగతి. కాబోయే అల్లుడికి జీతమేమిటని ఆయన, పిల్లనిచ్చే మామను జీతం ఎలా అడగాలని మీరు ఊరుకున్నట్టున్నారు. ఎవరూ నోరు విప్పకుండానే ఖాయమైపోయిన పెళ్లిళ్లు చాలా చూశాను. ఆ అమ్మాయిని ఎవరైనా అడిగారా? మీ ఉత్తరంలో ఆమెకు దక్కింది ఒక్క వాక్యం. పని లెక్క, పెళ్లి లెక్క వేరువేరుగా చూద్దామని మామయ్యతో మీరే అనాలి. అమ్మగారి చేత చెప్పించవద్దు. అన్నగారి మాటలు మీకు, మీ మాటలు అన్నగారికి మోసి ఆవిడ ఇప్పటికే అలిసిపోయారు.

నవల చింపకండి. కుంటికాలు, పొడుం డబ్బా తీసేయండి, చాలు. గురువుకు దొంగతనం ఉండి తీరాలంటే ఒకటి చెబుతాను. దేశంలోని గడియారాలన్నీ కాకినాడకు దగ్గరగా పోయే 82.5 డిగ్రీల రేఖాంశం లెక్కన నడుస్తాయి. నెల్లూరు 80 డిగ్రీల దగ్గర ఉంది. అందుకే గడియారం పన్నెండు కొట్టాక, సగటున పది నిమిషాలకు గానీ సూర్యుడు మన నడినెత్తికి రాడు. ఆ పది నిమిషాలు రోజూ ఎవరి సంచిలోకి పోతున్నాయో మీ శ్రేణివాళ్లను వెతకమనండి. గురువు ఇక శిష్యుల జోలికి పోనక్కర్లేదు.