అరసవల్లి కిరణాలు, పంచాంగ గణితం

ప్రశ్న: అరసవల్లి సూర్యనారాయణస్వామి పాదాలను సూర్యకిరణాలు తాకేది ఏటా మార్చి 9, 10, 11 తేదీల్లోనూ, అక్టోబరు మొదటి మూడు రోజుల్లోనూ అంటారు. మన గుడికి మన పంచాంగం కుదరక ఇంగ్లీషు తేదీలు కుదరడమేమిటి? మన సిద్ధాంత గ్రంథాల లెక్క తప్పిందనుకోవాలా?
— ఒక పాఠకురాలు, శ్రీకాకుళం

జవాబు: తిథి చంద్రుణ్ణి బట్టి వచ్చేది కనుక దాన్ని పక్కన పెడదాం. పొద్దుటి వెలుగు నేరుగా గర్భాలయంలోకి రావాలంటే సూర్యుడు తూర్పున ఒక నిర్ణీత స్థానంలో ఉదయించాలి. మార్చిలో విషువత్తుకు (పగలూ రాత్రీ సమానమయ్యే రోజుకు) సుమారు పది రోజుల ముందు, సెప్టెంబరు విషువత్తు దాటిన సుమారు పది రోజులకు, సూర్యుడు ఖగోళ మధ్యరేఖకు (భూమధ్యరేఖకు సరిగ్గా పైన ఆకాశంలో ఊహించే గీతకు) దాదాపు 4 డిగ్రీలు దక్షిణంగా ఉంటాడు; రెండుసార్లూ దారి ఒక్కటే. ఇంగ్లీషు క్యాలెండరు ఋతువుల వెంట నడుస్తుంది కాబట్టి ఆ తేదీలు కదలవు. మన సంక్రమణాలు నక్షత్రాల వెంట నడుస్తాయి కాబట్టి మెల్లగా జరుగుతాయి.

ఇక లెక్క సంగతి. సూర్యసిద్ధాంతం ప్రకారం సంవత్సరానికి 365 రోజుల 6 గంటల 12 నిమిషాల 36 సెకన్లు. నేటి కొలతలో నాక్షత్ర సంవత్సరం, అంటే నక్షత్రాలను బట్టి లెక్కించే సంవత్సరం, 365 రోజుల 6 గంటల 9 నిమిషాల 10 సెకన్లు. దూరదర్శిని లేని కాలంలో మూడున్నర నిమిషాల తేడాకు చేరడాన్ని నేను చిన్న విషయమనలేను. అయితే ఋతువుల సంవత్సరం సూర్యసిద్ధాంతం చెప్పినదానికంటే సుమారు 24 నిమిషాలు తక్కువ. అది పోగుపడి అరవై ఏళ్లకు ఒక రోజవుతుంది. డిసెంబరు 21 ప్రాంతంలోనే సూర్యుడు ఉత్తరానికి మళ్లినా, మనం భోగిమంట వేసి జనవరి 14 ప్రాంతంలో ఉత్తరాయణ పుణ్యకాలం పాటించడం ఇందువల్లనే. ఈ జారుడు పూర్వులకు తెలియనిది కాదు. కాని అది 27 డిగ్రీల వరకు పోయి వెనక్కి వస్తుందని సూర్యసిద్ధాంతం చెప్పింది, అది పొరపాటు. అది వెనక్కి రాదు, సుమారు 26,000 ఏళ్లకు ఒక చుట్టు పూర్తిచేస్తుంది.

గ్రంథాలన్నిటినీ ఒకే గాటన కట్టడమూ సరికాదు. భూమే తన చుట్టూ తాను తిరుగుతోందని ఆర్యభటుడంటే, బ్రహ్మగుప్తుడు గట్టిగా ఆక్షేపించాడు.

జాతక ఫలభాగం మాత్రం ఈ గణితంతో పాటు నెగ్గదు, దానికి వేరే పరీక్ష కావాలి. 2008లో ఖగోళ శాస్త్రవేత్త జయంత్ నార్లికర్ బృందం మహారాష్ట్రలో అలాంటిదొకటి జరిపింది. చదువులో చురుకైన పిల్లల జాతకాలనూ మానసిక వైకల్యమున్న పిల్లల జాతకాలనూ కలిపి, ఒక్కో జ్యోతిష్కుడికి 40 చొప్పున ఇచ్చి, ఏది ఎవరిదో చెప్పమన్నారు. జవాబులు పంపిన 27 మంది జ్యోతిష్కులు సరిగ్గా చెప్పింది సగటున 46 శాతం; నాణెం ఎగరేసి చెప్పినా 50 శాతం రావాలి.