చెరువు గట్టు మీది కెమెరాను హైదరాబాద్ నుంచి లైవ్‌లో చూడొచ్చా?

నిక్షేపంగా చూడొచ్చు. భీమవరం దగ్గర మా రొయ్యల చెరువులకు కెమెరాలు పెట్టించి చాన్నాళ్లయింది. రౌటర్లో పోర్టు, అంటే బయటి నుంచి లోపలికి వచ్చే దారి, తెరిస్తే సరిపోతుందా అని అడిగారు. గట్టు మీద ఉన్నది సిమ్ రౌటర్ అయితే సరిపోదు. మొబైల్ కంపెనీలు సాధారణంగా చాలామందికి కలిపి ఒకే పబ్లిక్ ఐపీ అడ్రస్ (ఇంటర్నెట్‌లో బయటికి కనిపించే చిరునామా) ఇస్తాయి, బయటి నుంచి నేరుగా మీ రౌటర్‌ను అందుకోవడం కుదరదు. అందుకే యాప్‌లో క్యూఆర్ కోడ్ స్కాన్ చేయిస్తారు, కంపెనీ సర్వరే ఫోన్‌నీ కెమెరానీ కలుపుతుంది. షెడ్డులో అదే వైఫై మీద ఉంటే మాత్రం, కెమెరాలో ఆర్‌టీఎస్‌పీ (వీడియోను నేరుగా పంపే పద్ధతి) ఉన్నప్పుడు, వీఎల్‌సీ అనే వీడియో ప్లేయర్‌లో దాని అడ్రస్ కొట్టినా బొమ్మ వస్తుంది. పోర్టు మామూలుగా 554.

బొమ్మ తెప్పించడం తేలికే. అది ఇప్పటి బొమ్మేనా అన్నది ఎవరూ చూడరు, నా బాధంతా అదే.

ఒకసారి పెళ్లికి అమలాపురం వెళ్లాం. అర్ధరాత్రి దాటాక మా బావమరిది ఫోన్లో చెరువు చూసి, "ఏరియేటర్లు తిరుగుతున్నాయి బావా, నువ్వు పడుకో" అన్నాడు. ఫోన్ తీసుకుని చూశాను. నీళ్లలోకి గాలి కలిపే ఆ ఏరియేటర్ చక్రాల దగ్గర నీళ్లు తెల్లగా ఎగిసి ఉన్నాయి, ఎగిసిన తుంపర మాత్రం కిందికి పడటం లేదు. పైన మూలలో టైము చూస్తే సెకన్లు కదలడం లేదు. వెంటనే కాపలా కుర్రాడికి ఫోన్ చేసి నిద్ర లేపాను. కరెంటు పోయి రౌటర్ ఆగిపోయింది, యాప్ ఆఖరి బొమ్మనే పట్టుకుని కూర్చుంది. కుర్రాడు పరిగెత్తి జనరేటర్ వేశాడు. తెల్లవారుజామున నీళ్లలో ఆక్సిజన్ బాగా పడిపోతుంది. పట్టుబడికి దగ్గరపడిన చెరువు అది, ఇంకాసేపైతే రొయ్యలు తేలిపోయేవి. ఆ టెన్షన్ పడినవాళ్లకే తెలుస్తుంది.

కాబట్టి లైవ్ తెరవగానే ముందు సెకన్లు చూడండి. సిగ్నల్ అంతంతమాత్రంగా ఉండే చోట హెచ్‌డీ మానేసి సబ్ స్ట్రీమ్ (తక్కువ క్వాలిటీ వీడియో) పెట్టుకోండి, చిన్న బొమ్మయినా ఆగకుండా వస్తుంది. నన్నడిగితే కెమెరా ఖరీదులో కాస్త తగ్గించుకుని, ఆ డబ్బుతో రౌటర్‌కు బ్యాటరీ పెట్టించాలి.

ఇక బిగించేవాళ్ల సంగతి. మాకు బిగించినతను కెమెరాలన్నీ తన ఫోన్ నంబర్ మీద రిజిస్టర్ చేసుకుని మాకు షేరింగ్ మాత్రం ఇచ్చాడు. చెరువు మాది, డబ్బు మాది, పాస్‌వర్డ్ మార్చాలంటే ఆయన్ని బతిమాలాలి! మా షెడ్డు ముందు ఎవరు తిరుగుతున్నారో ఆయన ఇంట్లో కూర్చుని చూడగలడన్నమాట. ఇది చాలా అన్యాయం, మా చుట్టుపక్కల రైతుల్లో సగంమందికి ఇదే పరిస్థితి. పాస్‌వర్డ్ మార్చకపోతే ఇంకో ప్రమాదం కూడా ఉంది. 2016లో మిరాయ్ అనే మాల్‌వేర్ (హాని చేసే ప్రోగ్రాం) ప్రపంచమంతా లక్షల కెమెరాల్లోకి, రౌటర్లలోకి దూరింది ఫ్యాక్టరీ పాస్‌వర్డ్‌లు మార్చకపోవడం వల్లే. బిగించడం పూర్తయ్యాక మీ నంబర్ మీదకు మార్పించుకుని, పాస్‌వర్డ్ మీ చేత్తో మార్చి, అప్పుడే డబ్బులివ్వండి.