కప్ప కాలు, దుప్పి తోలు, సేమియా

ప్రశ్న: మా అబ్బాయి ఇంజనీరు. కవులకూ రాజకీయాల వాళ్లకూ సైన్సుతో ఏం పని, పేర్లు వాడుకోవడానికి తప్ప, అని వాదిస్తాడు. సైన్సులోంచి వచ్చిన ఒక ఆలోచన ఒక రచయితతోనో నాయకుడితోనో నిజంగా పని చేయించిన ఉదాహరణ ఏదైనా చెబుతారా?
– ఒక రిటైర్డ్ తెలుగు మాస్టారు, భీమవరం

జవాబు: మాస్టారూ, ఒకటి కాదు, రెండు చెబుతాను. అయితే ఒక చిక్కుంది. రెంటిలోనూ ఆ సైన్సు తప్పు. మీ అబ్బాయి అక్కడే పట్టుకుంటాడు, జాగ్రత్త.

మొదటిది కప్ప కాలు. ఇటలీలోని బొలోనాలో గాల్వానీ అనే ఆచార్యుడు 1780లలో కప్పల్ని కోసి చూస్తుండేవాడు. చచ్చిన కప్ప కాలికి లోహం తగిలిస్తే అది బతికున్నట్టే తన్నింది. ప్రాణుల ఒంట్లోనే ఒక రకం కరెంటు ఉందని 1791లో ఆయన రాశాడు. వోల్టా అనే ఇంకో ఇటలీ ఆయన, కరెంటు కప్పది కాదు బాబూ, నువ్వు తగిలించిన రెండు రకాల లోహాలది అని పేచీకి దిగాడు. ఆ పేచీలోంచే 1800లో ప్రపంచానికి మొదటి బ్యాటరీ వచ్చింది, అంటే మీ టీవీ రిమోట్‌లో సెల్‌కి ముత్తాత అన్నమాట. గాల్వానీ మేనల్లుడు ఆల్దీనీ మాత్రం మేనమామ మాట వదల్లేదు. 1803 జనవరిలో లండన్‌లో ఉరి తీసిన ఒక ఖైదీ శవానికి జనం ఎదుట బ్యాటరీ తీగలు ఆనించాడు. దవడ వణికింది, ఒక కన్ను తెరుచుకుంది, కుడి చెయ్యి లేచి పిడికిలి బిగుసుకుంది.

శవాల ముక్కలతో చేసిన రాక్షసుడికి ప్రాణం పోసే ‘ఫ్రాంకెన్‌స్టయిన్’ అనే నవలని తర్వాత రాసిన మేరీ షెల్లీకి అప్పటికి అయిదేళ్లు. పద్దెనిమిదేళ్లప్పుడు, 1816 ఎండాకాలంలో, కవి షెల్లీతో కలిసి జెనీవా సరస్సు ఒడ్డున ఉంది. ఎండాకాలం అన్నమాటే గానీ, ముందు ఏడాది ఏప్రిల్లో ఇండోనేషియాలో తంబోరా అగ్నిపర్వతం పేలి ఆ బూడిదా పొగా ఆకాశానికెక్కడంతో ఆ ఏడు యూరప్‌లో ఎండే లేదు, ఒకటే వాన. ఇంట్లో కూర్చుని ఏం చేస్తారు? తలో దెయ్యం కథ రాద్దాం అన్నాడు అక్కడే ఉన్న ఇంకో కవి బైరన్. ఒక రాత్రి బైరనూ షెల్లీ ప్రాణం అంటే ఏమిటి, శవాన్ని మళ్లీ లేపొచ్చా అని మాట్లాడుకుంటుంటే మేరీ పక్కన కూర్చుని వింది. ఇరాస్మస్ డార్విన్ (మన డార్విన్‌కి తాత) గాజు పెట్టెలో దాచిన సేమియా ముక్క తనంతట తాను కదిలిందని కూడా ఆ మాటల్లో వచ్చిందట. నేను ఎకసెక్కం ఆడటం లేదు, తన నవలకి 1831లో రాసిన మున్నుమాటలో మేరీయే అలా రాసింది. ఆయన నిజంగా అలా చేశాడనడం లేదు, అప్పట్లో చెప్పుకునేవాళ్లు అంటుంది. ఆయన పుస్తకంలో ఉన్నది వోర్టిసెల్లా అనే సూక్ష్మజీవి, నోళ్లలో నలిగి వర్మిసెల్లీ అయి ఉంటుందని పండితుల అనుమానం. కప్ప కాలు తెచ్చిన ఆ కరెంటు పేరు, గాల్వానీ మీద పెట్టిన ‘గాల్వానిజం’ అన్న మాట కూడా అదే మున్నుమాటలో ఉంది.

ఇక్కడిదాకా పాఠ్యపుస్తకాల్లో దొరుకుతుంది. నాకు ముఖ్యమనిపించేది వేరే. అంతకు ఏడాది ముందు, 1815లో, మేరీకి నెలలు నిండకుండా ఆడపిల్ల పుట్టి కొద్దిరోజులకే పోయింది. బిడ్డ చనిపోలేదు, ఒళ్లు చల్లబడిందంతే, మంట దగ్గర పెట్టి రుద్దితే లేచింది అని కల వచ్చినట్టు డైరీలో రాసుకుంది. మెలకువ వస్తే బిడ్డ లేదు. అలాంటి తల్లికి శవం చెయ్యెత్తిందన్న మాట ఎలా వినపడి ఉంటుందో మీరే ఊహించండి. 1818లో ‘ఫ్రాంకెన్‌స్టయిన్’ అచ్చయింది, అదీ పేరు లేకుండా. సినిమాల్లో చూపించే మీటలూ మెరుపులూ అందులో వెతక్కండి, రాక్షసుణ్ణి లేపే చోట ప్రాణపు రవ్వ రగిలించడం గురించి ఒక ముక్క ఉంటుంది, అంతే. కప్ప సంగతిలో గెలిచింది వోల్టా అనుకోండి, కానీ నవల పుట్టింది గాల్వానీ వైపు నుంచి.

రెండోది దుప్పి తోలు. అమెరికా స్వాతంత్ర్య ప్రకటన రాసిన థామస్ జెఫర్సన్ 1780లలో ప్యారిస్‌లో అమెరికా రాయబారి. అప్పటి ప్రకృతి శాస్త్రంలో ఫ్రాన్సు ఆయన బ్యుఫోన్ మాటే వేదం. ఆయన ఏమన్నాడంటే, అమెరికాలో చలీ తేమా ఎక్కువ కాబట్టి అక్కడి జంతువులు చిన్నవి, ఇక్కణ్ణించి తీసుకెళ్లినవి కూడా అక్కడ కుంచించుకుపోతాయి అని. ఇంకొందరు దాన్ని మనుషులకూ అంటగట్టారు. కొత్త దేశం, అప్పు కావాలి, వ్యాపారం కావాలి, మా గడ్డ మీద ఏదీ ఎదగదంటే ఊరుకుంటారా? జెఫర్సన్ కూర్చుని తన పుస్తకంలో బరువుల పట్టిక వేశాడు: ఎలుగుబంటి యూరప్‌లో 153.7 పౌన్లు, అమెరికాలో 410. అంతటితో ఆగలేదు. న్యూహాంప్‌షైర్‌లో జాన్ సల్లివన్ అనే నాయకుడికి రాసి, మూస్ అని అక్కడుండే ఏడడుగుల దుప్పిని పంపించమన్నాడు. మంచులో దారి కొట్టుకుంటూ దాన్ని ఈడ్చుకొచ్చేసరికి సగం కుళ్లింది. కొమ్ములు దానివి కావు, వేరేదానివి పంపి, కావాలంటే ఇవి తగిలించుకోండి అన్నాడు సల్లివన్. 1787లో అది ప్యారిస్ చేరేసరికి బొచ్చు ఊడిపోతోంది. బ్యుఫోన్ ఒప్పుకున్నాడనీ, తర్వాతి సంపుటంలో దిద్దుతానన్నాడనీ జెఫర్సన్ తర్వాత చెప్పుకున్నాడు. దిద్దేలోగా, 1788 ఏప్రిల్లో, ఆయన పోయాడు.

ఇంకో అమెరికా నాయకుడు బెంజమిన్ ఫ్రాంక్లిన్ అయితే ఇదే గొడవని భోజనాల బల్ల దగ్గర తేల్చేశాడు. అమెరికాలో అన్నీ కుంచించుకుపోతాయని ఫ్రెంచి పండితుడు రేనాల్ దంచుతుంటే, బల్లకి అటు అమెరికన్లు, ఇటు ఫ్రెంచివాళ్లు కూర్చున్నారు కదా, అందరూ ఒక్కసారి లేచి నిలబడండి చూద్దాం అన్నాడు. అటువాళ్లంతా పొడుగు, ఇటువాళ్లంతా పొట్టి. రేనాల్ అయితే వట్టి రొయ్య అని ఈ కథ రాసిన జెఫర్సన్ మాట. భీమవరం వారికి రొయ్య సైజుల గురించి నేను చెప్పేదేముంది!

అలా అని జెఫర్సన్‌ని నెత్తిన పెట్టుకోకండి. ఎలుగుబంటిని దశాంశాలతో తూచిన మనిషి, అదే పుస్తకంలో నల్లవాళ్లు తెలివిలో తక్కువేమో అని తూకం లేకుండా రాశాడు, ‘అనుమానం మాత్రమే’ అని ఒక చిన్న ముసుగు వేసి. 1791లో బెంజమిన్ బానెకర్ అనే నల్లజాతి గణితజ్ఞుడు, సొంతంగా ఖగోళశాస్త్రం నేర్చుకున్నవాడు, తాను లెక్కలు కట్టిన పంచాంగాన్ని ఆయనకే పంపి, మీ స్వాతంత్ర్య ప్రకటనలో మాటలు మీకే గుర్తున్నాయా అన్నట్టు ఉత్తరం రాశాడు. జెఫర్సన్ మర్యాదగా జవాబిచ్చాడు. 1809లో ఇంకొకరికి రాసిన ఉత్తరంలో మాత్రం, లెక్కల్లో వేరేవాళ్ల సాయం ఉందేమో అని గొణిగాడు. దుప్పి విషయంలో రుజువు తోలుతో సహా పంపించినవాడు, రుజువు తన ఇంటికే వస్తే నమ్మలేదు.

ప్రశ్న: ఇలాంటివాళ్లు మన దగ్గర లేరా?
– బీఎస్సీ విద్యార్థి, కర్నూలు

జవాబు: ఉన్నారు. నెహ్రూ కేంబ్రిడ్జిలో చదివింది రసాయన, భూగర్భ, వృక్ష శాస్త్రాలు. అహ్మద్‌నగర్ కోటలో ఖైదీగా ఉండి రాసిన పుస్తకంలో శాస్త్రీయ దృక్పథం గురించి పట్టుబట్టి రాశాడు. ఆ మాట రాజ్యాంగంలోకి, ప్రాథమిక విధుల్లోకి ఎక్కింది మాత్రం ఆయన పోయిన పన్నెండేళ్లకు, 1976లో, అదీ ఎమర్జెన్సీ రోజుల్లో తెచ్చిన సవరణతో! రచయితల్లో అయితే నా ఓటు కొడవటిగంటి కుటుంబరావుకి. చదివింది ఫిజిక్స్. సైన్సు వ్యాసాలు రాశాడు సరే, ఆయన కథలే చూడండి, మనుషుల్ని తిట్టడు, జాలిపడడు, పలానా ఇంట్లో పలానా ఆదాయం వస్తే పలానావాడు ఇలాగే ప్రవర్తిస్తాడు అని చూపించి ఊరుకుంటాడు. అది ల్యాబులో అలవాటైన చూపు అని నాకనిపిస్తుంది. చందమామకు దెయ్యాల కథలూ బేతాళ కథలూ దిద్దింది కూడా ఈయనే, ఏం చేస్తాం!

ప్రశ్న: బ్రిటన్ మాజీ ప్రధాని మార్గరెట్ థాచర్ ఐస్‌క్రీం కనిపెట్టారని వాట్సాప్‌లో వచ్చింది. నిజమేనా?
– ఒక గృహిణి, ఖమ్మం

జవాబు: కెమిస్ట్రీ చదివిన మాట నిజమేనండీ, ఆక్స్‌ఫర్డ్‌లో, తర్వాత నోబెల్ అందుకున్న డొరతీ హాజ్‌కిన్ దగ్గర. ఆ చదువు పనికొచ్చిన చోటు 1988 సెప్టెంబరు. శాస్త్రవేత్తల సభలో, రాయల్ సొసైటీలో నిలబడి, ఓజోన్ పొరకి పడ్డ చిల్లు గురించీ భూమి వేడెక్కడం గురించీ మాట్లాడారు. అప్పటికి ఈ సంగతి ఎత్తే దేశాధినేతలు ఎంతమంది? ఇక ఐస్‌క్రీం అంటారా, చిన్న వయసులో లయన్స్ అనే ఆహార కంపెనీలో కెమిస్టుగా రెండేళ్లు పనిచేశారు, దాంతో మెషిన్లోంచి మెలికలు తిరుగుతూ వచ్చే ఆ మెత్తటి ఐస్‌క్రీం ఆవిడ ఖాతాలో పడింది. అమెరికావాళ్లు దాన్ని అంతకుముందు నుంచే తింటున్నారు.